లేదు అని రాయాలంటే

ఫాల్గుణ బహుళ తదియ

చూపరి నంబరు ముప్పై ఒకటి. పేరు గనగళ్ళ కొర్లమ్మ. ఊరు దిబ్బలరేవు. చదువు ఐదో తరగతి.

పొద్దున ఆరింటికి గడప దగ్గర చెంబులో నీళ్ళు మార్చి పనిలోకి వెళ్ళాను.

చూసింది: రేవులో పడవలు పదకొండు. నిన్న నలభై పడవలు లోతు వేటకి వెళ్ళాయి. వెళ్ళేటప్పుడు లెక్కపెట్టాను. నీళ్ళ ట్యాంకుకి సగం దాకా తడి ఉంది. బియ్యం డిపో తలుపు తీసి ఉంది, లోపల బస్తాలు పద్దెనిమిది. బడిలో పిల్లలు ఇరవై ఆరుగురు, వారిలో ఒక పిల్లకి కన్ను ఎర్రగా ఉంది. చెక్‌పోస్టు దగ్గర సైన్యం బండి ఒకటి ఉంది. నిన్న దాన్ని నేను చూడలేదు.

చూపరి తన కంటితో చూసింది కుడి పేజీలో రాయాలి. విన్నది ఎడమ పేజీలో రాయాలి. తొమ్మిదేళ్ళుగా నా ఎడమ పేజీలు ఎక్కువ ఖాళీగానే ఉంటాయి. ఇవాళ రాస్తున్నాను.

విన్నది: మధ్యాహ్నం ఎండబెట్టిన చేపలు తిరగేస్తుంటే పక్కింటి పుణ్యవతి బొమ్మలు మాట్లాడే పలక పట్టుకుని పరిగెత్తుకొచ్చింది. ఆమె భర్త లచ్చన్న ఆ నలభై పడవల్లో ఒకదానిలో ఉన్నాడు. అతనికేదో అయిందని లేచి నిలబడ్డాను.

"ఓలప్పా! మీ ఎల్లి బతికే ఉన్నాదే! ఇదిగో, వార్త సెప్తన్నాది, సూడు!"

చూపరి పలకలో బొమ్మ చూడకూడదు. దొంగబొమ్మలు చూసి రెండు ఊళ్ళు ఒకదాన్నొకటి తగలబెట్టుకున్న ఏడాది వచ్చిన నియమం అది. నేను మొహం తిప్పుకున్నాను. చెవులు తిప్పుకోవడం కుదరలేదు.

గొంతు ఎల్లిది.

ఎల్లి అంటే నా కూతురు ఎల్లేశ్వరి. వార్తల మనిషి. చూపరుల పుస్తకాలు మోసుకుని ఊరూరా తిరిగి, వాటిని పోల్చి వార్త రాసేది. ఆమె ముద్ర ఉన్న కాగితం నిజమేనా అని ఎవరూ రెండోసారి అడిగేవారు కాదు. పోయిన వైశాఖంలో, ఏరు సముద్రంలో కలిసే మొగ దాటుతుంటే ఆమె ఎక్కిన పడవ బోల్తా పడింది. ఆమె పోయింది.

పోయింది అన్న మాట కొట్టేస్తున్నాను. అది నేను చూడలేదు.

ఫాల్గుణ బహుళ చవితి

చెంబులో నీళ్ళు మార్చాను.

చూసింది: రేవులో పడవలు పదకొండు. డిపోలో బస్తాలు పద్దెనిమిది. చెక్‌పోస్టు దగ్గర సైన్యం బళ్ళు నాలుగు. వాటిలో ఒకదాని మీద పొడుగాటి గొట్టం ఉంది, దానికి గోనె కప్పారు.

సాయంత్రం చదువుల పాకకి వెళ్ళాను. ఊరి చూపరుల పుస్తకాలు అక్కడ రోజూ పైకి చదువుతారు. చదివేవాడు మైలపిల్లి గురయ్య. నాకంటే ఆరేళ్ళు చిన్న, నన్ను అప్పా అంటాడు. నా పుస్తకం వంతు వచ్చినప్పుడల్లా ఏదో ఒకటి అంటాడు.

"అప్పా, నీ పుస్తకం సదివితే జోలపాట అక్కర్నేదు. బస్తాలు పద్దెనిమిది, పద్దెనిమిది, పద్దెనిమిది. ఆ పదిహేడైన రోజు మాకు పండగ."

అందరూ నవ్వేవాళ్ళు. ఇవాళ ఎవరూ నవ్వలేదు. అందరి ఒళ్ళోనూ పలకలున్నాయి.

విన్నది: ఎల్లి రోజూ పదింటికి పలకలోకి వస్తోందట. పది నెలలుగా సముద్రం అవతలి దీవులవాళ్ళ మధ్య దాక్కుని గూఢచారం చేసిందట. ఇప్పుడు పాత లైటు హౌసు దగ్గర నిలబడి మాట్లాడుతోందట. దీవులవాళ్ళ పడవలు అక్కడ ఆయుధాలు దింపుతున్నాయట, ఆమె వెనకాల పెట్టెలు కూడా కనిపిస్తున్నాయట.

విన్నది: దశమి పొద్దున పట్నంలో పెద్దసభ ఓటు వేస్తుంది. ఓటు నెగ్గితే ఫిరంగి పడవలు బయలుదేరతాయి. తొమ్మిది మైళ్ళు దాటి కనిపించిన ఏ పడవనైనా శత్రువుదనే లెక్కపెడతారు.

మన నలభై పడవలు తొమ్మిది మైళ్ళకి అవతల ఉన్నాయి. వాటిని పిలవడానికి వీల్లేదు. దొంగగొంతులు పిలిచి మూడు పడవల్ని రాళ్ళ మీదికి తెచ్చిన తర్వాత, మావాళ్ళు మాట్లాడే యంత్రాలన్నీ ఒడ్డునే వదిలి వెళుతున్నారు.

నేను గురయ్యని అడిగాను. "పలకలో మాటకి సభ ఓటెలగ వేస్తాది?"

"పలకలో మాటకి వెయ్యదప్పా. ముద్ర ఉన్న వార్తల మడిసి, బతికున్న మడిసి, నిలబడి సెప్తే వేస్తాది. మీ ఎల్లి బతికున్నట్టేగా పుస్తకంలో."

అతను చావుల పుస్తకం తీశాడు. పది నెలల కిందటి పేజీ. గనగళ్ళ ఎల్లేశ్వరి. వయసు ఇరవై ఎనిమిది. చూసినవారు అన్న గడిలో నా చేతిరాత ఉంది. చూడలేదు అని.

ఫాల్గుణ బహుళ పంచమి

చెంబులో నీళ్ళు మార్చాను. చెంబు సంగతి రోజూ ఎందుకు రాస్తావని ఒకసారి పట్నం నుంచి వచ్చినాయన అడిగాడు. ఇంట్లో మనిషి సముద్రం మీదికి వెళితే మా ఊళ్ళో గడప దగ్గర చెంబుతో నీళ్ళు పెడతాం. తిరిగొచ్చాక ఆ నీళ్ళతో కాళ్ళు కడుక్కుని లోపలికి రావాలి. మనిషి వచ్చేదాకా చెంబు తియ్యం. నేను చూసిన వాటిలో అదీ ఒకటి కనక రాస్తాను.

చూసింది: రేవులో పడవలు పదకొండు. సైన్యం బళ్ళు తొమ్మిది. బడిలో పిల్లలు పన్నెండుగురు.

పదకొండు గంటలకి జిల్లా నమోదు అధికారి వచ్చింది. పేరు మృదుల. ముప్పై ఏళ్ళు ఉంటాయేమో, నేను అడగలేదు. బూట్లు గడప బయట విప్పింది. చెంబుని చూసి పక్కకి జరిగి, దాని మీంచి దాటకుండా లోపలికి వచ్చింది. అందుకని కుర్చీ వేశాను.

"కొర్లమ్మగారూ, మా ఆఫీసులో ఎవరూ ఆ పలకలో అమ్మాయిని నమ్మట్లేదు. కానీ కాదనడానికి మా చేతిలో ఏమీ లేదు. ఆ రోజు ఏం జరిగిందో ఒకసారి చెబుతారా?"

చూసింది చెప్పాను. పడవ బోల్తా పడిన నాలుగో రోజు ఉత్తరాన పదహారు మైళ్ళ అవతల ఒక ఆడమనిషి శవం ఒడ్డుకి కొట్టుకొచ్చిందని కబురొస్తే వెళ్ళాను. ఇసుక మీద టార్పాలిన్ ఉంది. నీలం రంగు. మూడు చోట్ల వలతాడుతో కట్టారు. మూడో ముడి వదులుగా ఉంది. మొహం చూసి చెప్పాల్సింది రక్తసంబంధీకులే. నాకు భర్త లేడు, ఎల్లికి తోడబుట్టినవాళ్ళు లేరు. ఆ ఊరి పెద్ద వంగి మొదటి ముడి విప్పాడు. అప్పుడు నేను కళ్ళు మూసుకున్నాను.

"ఎంతసేపు మూసుకున్నారు?"

"మళ్ళీ కట్టీదాకా."

తర్వాత ఆ ఇసుకలోనే పూడ్చారు. పూడ్చింది చూశాను. పూడ్చింది టార్పాలిన్‌ని.

మృదుల సంచిలోంచి కాగితం తీసింది. "మొహం చూశాను అని రెండు మాటలు రాయండమ్మా. దశమిలోపు రాస్తే ఓటు ఆగిపోతుంది. మీ పడవలు నలభై బతుకుతాయి."

"నాను సూణ్ణేదమ్మా."

"చూసినట్టేగా. మీకు తెలీదా అది ఎవరో?"

"తెలిసింది రాయడానికి మాకు పేజీ నేదు."

"ఎవరూ అడగరు. నేనే నమోదు చేస్తాను."

"తొమ్మిదేళ్ళ పుస్తకాలున్నాయి నావి. పెట్లో బాంబు నేదని రాసినాను, బావిలో నీళ్ళు నేవని రాసినాను. ఒక్కటి దొంగదైతే మిగతావన్నీ ఏటవుతాయి? రేపు ఈ ఊరోళ్ళు బస్తాలు పద్దెనిమిదంటే నమ్ముతారేటి?"

ఆమెకి టీ ఇస్తే తాగింది. వెళ్ళేటప్పుడు కాగితం కుర్చీలోనే వదిలేసింది.

సంతకం పెట్టకపోవడానికి నియమం ఒక్కటే కారణం కాదు. రెండో కారణం రాయడానికి కూడా పేజీ లేదు.

ఫాల్గుణ బహుళ షష్ఠి

చెంబులో నీళ్ళు మార్చాను. పచ్చ చీర కట్టుకున్నాను, మిగతావి ఉతికి ఆరేశాను.

చూసింది: పడవలు పదకొండు. బస్తాలు పదిహేడు. సైన్యం బళ్ళు పద్నాలుగు.

విన్నది: సాయంత్రం పుణ్యవతి తన గడపలోంచే కేకేసింది. ఆమె పలక గోడకి తగిలించి ఉంటుంది, మా గడపకి ఎదురుగా.

"అప్పా, ఎల్లి! నీతోటే మాటాడతాదట. బేగి రా!"

వెళ్ళాను. పలకకి వీపు పెట్టి నిలబడ్డాను.

"అమ్మా."

నేను వెనక్కి తిరగలేదు.

"అమ్మా, కోపమొచ్చిందేటి? కబురు పెట్టడానికి వీల్లేకపోయింది. సేపలు ఆరినాయా? నీ మోకాలెలగున్నాది?"

గొంతు ఎల్లిది. మాట మధ్యలో చిన్నగా గొంతు సవరించుకోవడం ఎల్లిదే. తేడా వినపడిందా అని గురయ్య తర్వాత అడిగాడు. వినపడలేదు. అలాగే రాస్తున్నాను.

"ఏటి తిన్నావు?" అన్నాను.

"అన్నమే తిన్నానమ్మా. సెంబులో నీళ్ళు రోజూ మారుస్తన్నావట కదా. మార్చు. వొచ్చేస్తాను."

పుణ్యవతి ఏడుస్తోంది. ఆమె గోడ మీద పలకకి నా చెంబు కనిపిస్తుంది. ఇది నేను వెనక్కి తిరిగి, పలకకేసి చూడకుండా, గోడ నుంచి గడప దాకా గీత గీసినట్టు కంటితో కొలిచి చూసింది.

"ఎక్కడున్నావు?"

"లైటు హౌసు కాడ. రోజూ పదింటికి అక్కడే నిలబడతాను."

"నాను వొస్తాను."

"రాకమ్మా. తుపాకీలోళ్ళున్నారు. పోటులో సిక్కుకుపోతావు." కొంచెం ఆగింది. "అమ్మా, ఆ పట్నం ఆవిడెవరో కాగితం తెచ్చినాదట. రాసీకు. నివ్వు సూణ్ణేదు కదా. సూణ్ణేనిది ఎలగ రాస్తావు? నివ్వే కదా నాకు నేర్పినావు."

నిజమే. నేనే నేర్పాను. ఏడేళ్ళప్పుడు, మా చేపలు ఎత్తుకుపోయింది పుణ్యవతి వాళ్ళ పిల్లే అని ఏడుస్తూ వచ్చింది. సూసినావా అని అడిగాను. చూడలేదంది. అయితే నోరు మూసుకోమన్నాను.

ఇంటికి వచ్చి అన్నం వండాను. రెండు కంచాలు తీశాను. ఒకటి మళ్ళీ లోపల పెట్టాను.

ఫాల్గుణ బహుళ సప్తమి

చెంబులో నీళ్ళు మార్చాను.

చూసింది: పడవలు పదకొండు. సైన్యం బళ్ళు లెక్కపెట్టనివ్వలేదు. నన్ను లెక్కపెట్టనివ్వలేదు అన్నది చూసిందే కనక కుడి పేజీలో రాశాను.

పాకకి వెళ్ళి గురయ్యతో చెప్పాను. "రేపు లైటు హౌసుకి ఎల్తాను. నేదు అని రాయాలి."

ఉంది అని రాయడానికి ఒక్క చూపు చాలు. లేదు అని రాయాలంటే ఆటు నుంచి పోటు దాకా ఆ చోటనే నిలబడాలి. గంట గంటకీ నాలుగు దిక్కులూ తిరిగి చూడాలి. కూర్చోవచ్చు గాని కళ్ళు మూసుకోకూడదు. తొమ్మిదేళ్ళలో నేను రాసిన లేదులు రెండే, మృదులకి చెప్పినవే. లైటు హౌసు రాళ్ళగుట్ట నా నంబరు కిందే ఉంది. అక్కడ ఇంకొకరు రాస్తే చెల్లదు.

గురయ్య పుస్తకం మూశాడు. "మీ ఎల్లి సచ్చిపోయినాదని సూపించనక్కర్నేదు నివ్వు. అక్కడ నేదని రాస్తే సాలు. ఓటు ఆగుతాది."

"అదే రాస్తాను."

"రాయగలవేటప్పా?"

"సూస్తే కదా తెలిసీది."

"అక్కడే ఉంటే?"

"ఉంటే ఉన్నాదనే రాస్తాను."

అతను నా మొహంలోకి చూడలేదు. "పోటెక్కీసరికి తెప్ప ఏసుకొస్తాను. నడిచి రాలేవు మళ్ళీ," అన్నాడు.

ఇంటికి వచ్చేసరికి పుణ్యవతి నా గడప దగ్గర నిలబడి ఉంది. గురయ్య పెళ్ళాం ద్వారా మాట ముందే వచ్చింది.

"పేగు తెంచి కన్నదానివి, బతికున్న గుంటని సంపుతావేటప్పా? నిన్న నీతో మాటాడినాది కాదేటి? నీ మోకాలు అడిగినాది! రాయివేటి నివ్వు?"

"లచ్చన్న ఎక్కడున్నాడే?"

ఆమె సముద్రం వైపు చూసింది.

"తొమ్మిది మైళ్ళకి ఇవతలా, అవతలా?"

"నాకేటి తెల్సు." గొంతు తగ్గించింది. "ఎల్లి బతికుండాల. మావోడు రావాల. రెండూ కావాలప్పా నాకు. తప్పేటి?"

తప్పు లేదు. నాకూ అవే కావాలి. అది ఆమెతో అనలేదు.

కాసేపటికి ఆమె వెళ్ళిపోయి, ఆకులో చుట్టిన ఎండు నెత్తళ్ళు తెచ్చి గడప మీద పెట్టింది. "అక్కడ తినడానికేటీ దొరకదు," అని చెప్పి తలుపేసుకుంది.

ఫాల్గుణ బహుళ అష్టమి

చెంబులో నీళ్ళు మార్చాను. కాఫీరంగు చీర కట్టుకున్నాను. ఆఫీసువాళ్ళు ఇచ్చిన గడియారానికి కీ ఇచ్చాను.

చూసింది, ఎనిమిది గంటల నలభై: నీళ్ళు దిగాయి. ఇసుక మీద నడిచి, రాళ్ళు ఎక్కి లైటు హౌసు చేరాను. దారిలో అడుగులు: కొంగవి, పీతలవి, వెనక్కి తిరిగితే నావి.

తొమ్మిది: ఆటు పూర్తయింది. నాలుగు దిక్కులూ చూశాను. తూర్పున నీళ్ళు. ఉత్తరాన రాళ్ళు, విరిగిన సిమెంటు దిమ్మ. పడమట మా ఊరు, పాక కప్పు. దక్షిణాన నీళ్ళు. లైటు హౌసు తలుపు పోయిన తుఫానుకి ఊడిపోయి ఉంది. లోపలికి వెళ్ళాను. మెట్లు నలభై ఆరు, ఎక్కాను. పైన గబ్బిలాల పెంట, విరిగిన అద్దం. పెట్టెలు వెతికాను. పెట్టెలు చూడలేదు.

పది: వార్త వచ్చే వేళ. లైటు హౌసుకి ముందు చదునుగా ఒక రాయి ఉంది. మనిషి నిలబడి మాట్లాడాలంటే నిలబడేది అక్కడే. ఆ రాయికి నాలుగు అడుగుల దూరంలో నిలబడ్డాను. గాలి దక్షిణం నుంచి కొడుతోంది. నాలుగు దిక్కులూ చూశాను. తర్వాత రాయినే చూశాను.

పది ఇరవై: రాయి మీద రెండు నత్తగుల్లలున్నాయి. ఒకటి కదిలింది.

పదకొండు: నాలుగు దిక్కులూ చూశాను. నెత్తళ్ళు తిన్నాను. తింటున్నప్పుడు కూడా కళ్ళు రాయి మీదే ఉన్నాయి.

పన్నెండు: వచ్చిన దారి మీదికి నీళ్ళు వచ్చాయి. నా అడుగులు పోయాయి. నాలుగు దిక్కులూ చూశాను.

పన్నెండు పది: పేరు పెట్టి పిలిచాను. చూపరి పిలవకూడదని నియమం ఎక్కడా లేదు. మూడుసార్లు పిలిచాను. మూడోసారి గట్టిగా పిలిచాను. కొంగ లేచిపోయింది.

ఒంటిగంట: నాలుగు దిక్కులూ చూశాను. కళ్ళు మండుతున్నాయి. ఉప్పుగాలి. మూసుకోలేదు.

రెండు: నాలుగు దిక్కులూ చూశాను.

రెండు ఇరవై: పడమటి నుంచి తెప్ప వచ్చింది. గురయ్య ఒక్కడే ఉన్నాడు. ఒడిలో పుణ్యవతి పలక ఉంది. అతను రాళ్ళ మీదికి ఎక్కి ముందు చుట్టూ చూశాడు. గబగబా ఊపిరి తీస్తున్నాడు.

"ఎవురూ నేరా?"

"పోటు ఇంకా నలభై నిమిషాలుంది. ఇప్పుడే అడక్కు."

అతను రాయి మీద కూర్చోబోయాడు. ఆ రాయి మీద వద్దన్నాను. పక్కన కూర్చున్నాడు.

విన్నది: "అప్పా, పదింటికి పాకలో అందరం పలకలు ఎట్టుకుని కూకున్నాం. ఎల్లి వొచ్చినాది. ఎనకాల లైటు హౌసు. అదే రాయి మీద నిలబడి సెప్తన్నాది. నివ్వు నేవు! నాలుగడుగుల్లో ఉండాల్సిందానివి, బొమ్మలో నేవు. అప్పుడు పుణ్యవతి పైకే అనేసినాది, అదేటి, కొర్లప్ప పొద్దున్నే ఎల్లినాది కదా, ఏదీ, అని. అన్న కాసేపటికి నివ్వొచ్చీసినావు. నడిసొచ్చినట్టు కాదు. నేవు, ఉన్నావు. అంతే! పాకలో ఒక్కరు మాటాడితే ఒట్టు. ఆ పలకలు మన మాట ఇంటన్నాయప్పా. పుణ్యవతి పలక నేలకేసి కొట్టబోతే నానే అడ్డుకున్నాను, నీకు సూపించాలని."

"నాకెందుకు సూపించడం? నాను సూడకూడదు."

"సూడకు. నాను సెప్పాల అంతే."

అతను పలక తిరగేసి ఒళ్ళో పెట్టుకున్నాడు. సముద్రం రాళ్ళకి కొడుతోంది. కాసేపు నేను రాయిని చూశాను.

తర్వాత చెయ్యి చాపాను. గురయ్య నా మొహం చూసి పలక ఇచ్చాడు.

పలకలో బొమ్మ చూశాను. తప్పు. శిక్ష ఏదైనా వేసుకోవచ్చు.

పదింటి వార్తే మళ్ళీ ఆడుతోంది. బొమ్మలో ఎల్లి ఉంది. జడ ముందుకి వేసుకుంది. కుడి కనుబొమ మీద చిన్నప్పుడు గాలం గీరిన మచ్చ ఉంది. నవ్వుతోంది. ఆమె పక్కన నేను ఉన్నాను. పచ్చ చీర. షష్ఠినాడు పుణ్యవతి గోడ దగ్గర నిలబడ్డప్పుడు కట్టుకున్న చీర అది. ఎల్లి చెయ్యి నా భుజం మీద వేసి ఉంది. ఎడమ భుజం. వేళ్ళు ఐదూ కనిపిస్తున్నాయి.

"మాయమ్మ వొచ్చినాది," అంది. "మాయమ్మ అన్నీ సూసినాది."

పలకని గురయ్యకి ఇచ్చేసి నా ఎడమ భుజం చూసుకున్నాను. కాఫీరంగు చీర కొంగు ఉంది. కొంగు మీద ఇసుక ఉంది. చేత్తో తడిమాను. వేరే ఏమీ తగల్లేదు.

మూడు: పోటు నిండింది. నీళ్ళు చదును రాయి అంచుకి తగిలి ఆగాయి. నాలుగు దిక్కులూ చూశాను. తూర్పు. ఉత్తరం. పడమర. దక్షిణం. మళ్ళీ తూర్పు. నియమానికి నాలుగు చాలు.

పుస్తకం మోకాలి మీద పెట్టుకుని కుడి పేజీలో రాశాను. తొమ్మిదేళ్ళలో మూడోది.

పాత లైటు హౌసు రాళ్ళగుట్ట. ఆటు తొమ్మిది గంటలకి, పోటు మూడు గంటలకి. ఆయుధాల పెట్టెలు లేవు. దీవులవాళ్ళు లేరు. గనగళ్ళ ఎల్లేశ్వరి లేదు. ఆమె నిలబడ్డానని చెప్పిన వేళకి, చెప్పిన రాయి దగ్గర, ఆమెని కన్న తల్లి నిలబడి చూసింది. లేదు.

వేలిముద్ర వేశాను. గురయ్య సిరా డబ్బా పట్టుకున్నాడు. సిరా కొంచెం ఒలికి పేజీ అంచున పడింది. ఆ మరక చూసి ఎవరూ అనుమానపడకుండా అదీ రాస్తున్నాను.

ఫాల్గుణ బహుళ నవమి

పొద్దున గురయ్య నా పుస్తకాలన్నీ, పాతవి కూడా, సంచిలో పెట్టుకుని సైకిలు మీద పట్నం వెళ్ళాడు. ఇది వేరే కాగితాల మీద రాస్తున్నాను, తర్వాత కుట్టుకోవాలి.

చెంబులో నీళ్ళు మార్చాను.

చూసింది: పడవలు పదకొండు. బస్తాలు పదిహేడు. పుణ్యవతి ఇంటి గోడకి మేకు ఉంది. పలక కనిపించలేదు.

ఫాల్గుణ బహుళ దశమి

చెంబులో నీళ్ళు మార్చాను.

విన్నది: మధ్యాహ్నం గురయ్య తిరిగొచ్చాడు. సభలో మృదుల నిలబడి నా పేజీ చదివిందట. ఇంకొకాయన లేచి, ఐదో తరగతి చదివిన ముసలిదాని మాటకి దేశరక్షణ ఆపుతామా అన్నాడట. ఆవిడ తొమ్మిదేళ్ళ పుస్తకాలు ఇక్కడే ఉన్నాయి, ఒక్క తప్పు చూపించండి అని మృదుల అందట. ఎవరో తిరగేశారట. చాలాసేపు తిరగేశారట. బస్తాలు పద్దెనిమిది, పద్దెనిమిది. ఓటు ఓడిపోయింది. పదకొండు చేతుల తేడా.

విన్నది: ఆ బొమ్మలు చేసిందెవరో తెలియలేదు. నాలుగు పేర్లు చెబుతున్నారు. నాలుగూ నేను చూడనివి.

చావుల పుస్తకంలో ఎల్లి పేజీ మార్చాలా అని గురయ్య అడిగాడు. లైటు హౌసు దగ్గర లేదంటే ఎక్కడా లేదని కాదు, నియమం ప్రకారం ఆ గడి అలాగే ఉండాలి. అలాగే ఉండనియ్యమన్నాను.

చూసింది: నాలుగు గంటలకి తూర్పున తెరచాపలు కనిపించాయి. ఒడ్డున నిలబడి లెక్కపెట్టాను. ముప్పై తొమ్మిది దాకా గబగబా వచ్చాయి. నలభయ్యోది బాగా వెనకబడి వచ్చింది. దాని తెరచాప చిరిగి ఉంది. లచ్చన్న అందులో ఉన్నాడు. ఫిరంగుల సంగతి గాని, ఓటు సంగతి గాని అతనికి ఏమీ తెలియదు. వల చిరిగిందని తిట్టుకుంటూ దిగాడు.

వాళ్ళ గడప దగ్గర పుణ్యవతి చెంబు ఎత్తి అతని కాళ్ళ మీద నీళ్ళు పోసింది. "మెల్లగా పొయ్యే, సల్లగా ఉన్నాయి," అన్నాడు. ఆమె చెంబు మొత్తం ఒక్కసారే గుమ్మరించింది. తర్వాత నా వంక చూసింది.

మా ఇంటికి వచ్చాను. కాళ్ళకి మోకాళ్ళ దాకా తడి ఇసుక ఉంది. గడప దగ్గర చెంబు ఉంది. పొద్దున మార్చిన నీళ్ళు, అంచు దాకా ఉన్నాయి. అందులో ఒక చీమ తేలుతోంది. దాన్ని వేలితో తీశాను.

చెంబు ఎత్తి ఆ నీళ్ళు నా కాళ్ళ మీద పోసుకున్నాను. ముందు కుడి కాలు, తర్వాత ఎడమ కాలు. ఇసుక పోయింది.

చెంబు బోర్లించి గూట్లో పెట్టాను. లోపలికి వచ్చాను.